అన్ని మతాలూ ఒకటేనా? బుక్కరాయల తీర్పు ఏం చెబుతోంది

రెండు మతాల పండుగలు ఒకే వారంలో వస్తే చాలు, ఏ ఊళ్లోనైనా పీస్ కమిటీ మీటింగ్ పెడతారు. మాట్లాడినవాళ్లంతా చివరికి తేల్చేది ఒక్కటే: అన్ని మతాలూ చెప్పేది ఒకటేనని. ఉద్దేశం మంచిదే. కానీ ఆ మాట నిజమేనా? అల్లా తప్ప మరో దేవుడు లేడనే ముస్లిం, నారాయణుడే పరదైవమనే వైష్ణవుడు, లోకాన్ని ఏ దేవుడూ సృష్టించలేదనే జైనుడు ఒకే మాట చెబుతున్నారనుకోవాలంటే, ముగ్గురిలో ఎవరి మాటా సరిగా వినకూడదు. ప్రపంచ మతాలను పక్కపక్కన పెట్టి తత్వశాస్త్ర దృష్టితో పరిశీలించేవాళ్లను ఇప్పటికీ వేధిస్తున్న చిక్కు ఇదే. కదిరి, పెనుకొండ, ధర్మవరం, హిందూపురం ప్రాంతం ఈ చిక్కును ఏ పుస్తకమూ చదవకుండానే ఎదుర్కొంది. కలిసి బతకడానికి మతాలు ఒకటే అని నమ్మక్కర్లేదని, తేడాను తేడాగా ఒప్పుకుని అవతలివాడి హక్కుకు పూచీ పడితే చాలునని ఇక్కడి చరిత్ర చూస్తే అర్థమవుతుంది.

ముందు పండితుల వాదాలు చూద్దాం. ఒక్క మతమే తెలిసినవాడికి ఏ మతమూ తెలియనట్టేనని మాక్స్ ముల్లర్ 1870లో లండన్ ఉపన్యాసాల్లో అన్నాడు. అప్పటి నుంచి పోల్చి చూడటం ఒక శాస్త్రంగా ఎదిగింది. పరాయి మతాన్ని చూసే తీరును ఆలన్ రేస్ అనే బ్రిటిష్ వేదాంతి 1983లో మూడు రకాలుగా విడదీశాడు. మాదే నిజం, మిగతావి పొరపాటు అనేది మొదటిది. మీలోనూ నిజం ఉంది, కానీ దాని నిండు రూపం మా దగ్గరే ఉంది అనేది రెండోది. అన్నీ ఒకే సత్యానికి వేర్వేరు దారులు అనేది మూడోది. ఈ మూడో వాదానికి పెద్ద దిక్కు జాన్ హిక్. పరమసత్యం ఒకటే, దాన్ని ఒక్కో సంస్కృతి తన కళ్లజోడుతో చూసి ఒక్కో పేరు పెట్టిందని ఆయన 1989లో అచ్చయిన పెద్ద గ్రంథంలో వాదించాడు. మన జిల్లా కేంద్రమైన పుట్టపర్తిలో, ప్రశాంతి నిలయం ఆవరణలో 1975లో నిలబెట్టిన సర్వధర్మ స్తూపం వెనక ఉన్న భావన కూడా దీనికి దగ్గరిదే.

వినడానికి మూడోదే ఉదారంగా ఉంటుంది. కానీ అందులో ఒక మెలిక ఉంది. గుడ్డివాళ్లు ఏనుగును తడిమిన కథలో తలా ఒక భాగాన్ని పట్టుకుని అదే ఏనుగంటారు. అయితే వాళ్లు తాకుతున్నది ఏనుగునేనని ఎవరికి తెలుసు? కథ చెప్పేవాడికి మాత్రమే. అంటే అన్ని మతాలూ అరకొర చూపే అనేవాడు తనకు మాత్రం నిండు చూపు ఉందని చెప్పకుండానే చెప్పుకుంటున్నాడు. అప్పుడు మూడో వాదం నెమ్మదిగా రెండోదానిలోకి జారుతుంది. అనంతపురం కళాశాలలో కొంతకాలం పాఠాలు చెప్పి, తర్వాత 1936 నుంచి 1952 దాకా ఆక్స్‌ఫర్డ్‌లో ప్రాచ్య మతాల ఆచార్యుడిగా ఉన్న సర్వేపల్లి రాధాకృష్ణన్ రాతల్లోనూ ఈ జారుడు కనబడుతుంది. అన్ని మతాలనూ గౌరవించాలని గట్టిగా చెప్పిన ఆయనే, 1927 నాటి పుస్తకంలో ఆరాధకులను మెట్లుగా పేర్చి, నిర్గుణ తత్వాన్ని ఉపాసించేవాళ్లను పై మెట్టు మీద, సగుణ దేవుణ్ని కొలిచేవాళ్లను ఆ కింద ఉంచారు. తన దేవుడే సర్వస్వమనుకునే భక్తుడికి రెండో మెట్టు గౌరవంగా అనిపించదు.

ఇక బుక్కరాయల తీర్పు. శ్రవణబెళగొళలో 1368 నాటి కన్నడ శాసనం ఒకటుంది. వైష్ణవ భక్తులు తమకు అన్యాయం చేస్తున్నారని ఆనెగొంది, హొసపట్టణ, పెనుగొండ, కల్లెహ మొదలైన ప్రాంతాల జైనులు విజయనగర రాజు బుక్కరాయలకు మొరపెట్టుకున్నారని అందులో ఉంది. ఆ పెనుగొండే మన పెనుకొండ. రాజు తిరుమల, శ్రీరంగం, కంచి, మేల్కోటె ఆచార్యులను, వైష్ణవ పెద్దలను పిలిపించి, జైనుల చేతులను వాళ్ల చేతుల్లో పెట్టాడు. పంచ మహావాద్యాలు, కలశం జైనులకు వెనకటిలాగే చెల్లుతాయన్నాడు. జైనులకు నష్టం జరిగితే అది తమకే జరిగినట్టు వైష్ణవులు భావించాలన్నాడు. జైనుల ఇంటింటి నుంచి ఏడాదికో హణం వసూలు చేసి, ఆ డబ్బుతో గొమ్మటేశ్వరుడికి ఇరవై మంది కావలివాళ్లను పెట్టి, మిగిలినదానితో పాడుబడ్డ జినాలయాలను బాగుచేయాలన్నాడు. ఈ ఏర్పాటు చూసే పనిని తిరుమలకు చెందిన తాతయ్య అనే వైష్ణవుడికి అప్పగించాడు.

ఇక్కడ ఒక గట్టి అభ్యంతరం వస్తుంది. రెండు దర్శనాలకూ భేదం లేదని ఆ శాసనమే అంటోంది కదా, అది మతాలు ఒకటేనన్న వాదానికే సాక్ష్యం కదా అని. శాసనం మొత్తం చదివితే ఆ వాక్యం దేని గురించో తెలుస్తుంది. అది పడిన చోట చర్చ దేవుడి గురించి కాదు, మోక్షం గురించీ కాదు. వాద్యం, కలశం, కావలి, మరమ్మతు గురించి. జినుడూ విష్ణువూ ఒకరేనని రాజు ఎక్కడా అనలేదు. ఏ దర్శనం గొప్పదో తేల్చలేదు. జైనుడు జైనుడిగానే, వైష్ణవుడు వైష్ణవుడిగానే మిగిలారు. భేదం లేదన్నది హక్కుల్లో. నమ్మకాల్లో తేడా అలాగే ఉంది కాబట్టే ఆ తీర్పు అవసరమైంది. ఆ తీర్పుతో గొడవలన్నీ శాశ్వతంగా సద్దుమణిగాయని చెప్పడం నా ఉద్దేశం కాదు. మొర పెట్టుకోవాల్సి వచ్చిందంటేనే బాధ ఉందని అర్థం. పరాయి నమ్మకాన్ని తన నమ్మకంలో కలిపేసుకోకుండానే దానికి కాపలా ఉండవచ్చన్న ఆలోచన ఆ కాలానికే ఇక్కడ ఉందన్నది మాత్రం కాదనలేం.

శాసనాల సంగతి సరే, మామూలు జనం తేడాలు పట్టించుకుంటారా అని అడగవచ్చు. కదిరి ఖాద్రీ లక్ష్మీనరసింహస్వామి తేరుకు ముస్లింలు రావడం ఈ ఊరివాళ్లకు కొత్త కాదు. పెనుకొండ బాబయ్య దర్గా ఉరుసులో హిందువులు చక్కెర చదివిస్తారు. ధర్మవరానికి అవతల, నార్పల మండలం గూగూడులో కుళ్లాయిస్వామి పీర్ల పండుగకు వచ్చేవాళ్లలో ఎక్కువమంది హిందువులే. ఈ సీమలో కుళ్లాయప్ప, దస్తగిరి, ఫకీరప్ప అనే పేర్లు హిందువుల ఇళ్లలోనూ వినబడతాయి. దీన్ని చూసి జనానికి మతభేదమే తెలియదనడం తొందరపాటు. గుళ్లో కొబ్బరికాయ కొట్టే మనిషే దర్గాలో చక్కెర చదివిస్తాడు. ఎక్కడ ఏ మర్యాద పాటించాలో అతనికి బాగా తెలుసు. కుళ్లాయిస్వామికి మొక్కిన మొక్కు నరసింహస్వామి దగ్గర తీర్చడు. ఒకటే అనుకుని ఉంటే ఎక్కడ తీర్చినా చెల్లేది.

గూగూడు మీద పరిశోధన చేసిన అఫ్సర్ మహమ్మద్ 2013లో ఆక్స్‌ఫర్డ్ ప్రచురించిన తన పుస్తకంలో ఇంకో సంగతి గమనించారు. ఊరి ఆచారంలో కలిసిన ఇస్లాం ఒకటి, ఇదంతా కలగాపులగమని, అసలైన ఇస్లాం వేరని అనే సంస్కర్తల వాదం ఒకటి, రెండూ అక్కడే ఎదురుపడుతున్నాయి. కలుపుగోలుతనం ఇష్టపడేవాళ్లు సంస్కర్తను వెంటనే మూఢుడి కింద జమకడతారు. అదీ అన్యాయమే. తన గ్రంథం చెప్పినట్టు బతకాలనుకోవడం అతని హక్కు. పక్కవాడి మొక్కును అడ్డుకోవడం మాత్రం అతని హక్కు కాదు. పోల్చి చూసేవాడు పీర్ల చావిడికి వచ్చేవాణ్నీ, రానివాణ్నీ కూడా మతస్థులుగానే లెక్కించాలి.

అసలైన అభ్యంతరం ఇంకొకటుంది. తేడాలన్నిటినీ అలాగే ఒప్పుకుంటే మంచిచెడ్డల మాటేమిటి, మతం పేరు చెప్పి ఏం చేసినా తల ఊపాలా? అక్కర్లేదు. కదిరి పక్కనున్న కటారుపల్లిలో సమాధి ఉన్న వేమన అన్ని మఠాలనూ, అన్ని వేషాలనూ ఒకే కొలతతో కొలిచాడు. శైవుణ్నీ విడిచిపెట్టలేదు, వైష్ణవుణ్నీ విడిచిపెట్టలేదు. నీ నడవడి ఏమిటి అన్నదే ఆయన ప్రశ్న. సి.పి. బ్రౌన్ 1829లో ఆ పద్యాలను అచ్చువేయించాడంటే, అప్పటికే జనం నోట అవి ఎంతగా నానాయో ఊహించవచ్చు. స్వార్థం నుంచి మనిషిని ఎంతవరకు బయటికి లాగిందన్నదే మతానికి పరీక్ష అని జాన్ హిక్ కూడా అన్నాడు. నడవడిని తూచడానికి నమ్మకాలు ఒకటై ఉండాల్సిన పని లేదు.

నమ్మకాల నిజానిజాలు తేల్చుకోవడానికి మన దగ్గర ఇంకో పద్ధతి ఉంది, పూర్వపక్షం. బుక్కరాయల కాలానికే చెందిన మాధవాచార్యుడి పేరుతో ప్రసిద్ధమైన సర్వదర్శన సంగ్రహం పదహారు దర్శనాలను వివరిస్తుంది. రచయిత మొగ్గు అద్వైతం వైపే. అయినా మొదటి అధ్యాయం దేవుణ్నీ పరలోకాన్నీ కొట్టిపారేసే చార్వాకుడిది. అతని వాదాన్ని అతని పక్షాన నిలబడి చెప్పిన తర్వాతే ఖండన మొదలవుతుంది. చార్వాకుల సొంత గ్రంథాలు దాదాపుగా దొరకని ఈ రోజుల్లో వాళ్ల ఆలోచన తెలుసుకోవడానికి ఈ ప్రత్యర్థి రాసిన అధ్యాయమే పెద్ద ఆధారం. ఎదుటివాడు విని, అవును, నేననేది ఇదే అనేలా అతని మాట చెప్పగలగడం పోలికకు మొదటి షరతు. ఒప్పుకోవడం, ఖండించడం ఆ తర్వాతి పనులు.

మన బడుల్లో సర్వమత సమానత్వం గురించి నినాదాలు నేర్పుతాం, ఏ మతం ఏం చెబుతుందో మాత్రం లోతుగా చెప్పం. పిల్లలు పక్కింటివాళ్ల పండుగ మిఠాయి తింటారు కానీ ఆ పండుగ ఎందుకు చేస్తారో తెలియకుండానే పెరుగుతారు. తెలియనిదాని మీద గౌరవం మొదటి పుకారుకే ఎగిరిపోతుంది. అందుకే ఈసారి పీస్ కమిటీలో మాట్లాడేవాళ్లు అన్నీ ఒకటే అనడం మాని, అవతలి మతం ఏ విషయంలో తమతో ఏకీభవించదో ఒక్కటి సరిగా చెప్పి, అయినా వాళ్ల వాద్యానికీ, వాళ్ల కలశానికీ మాది పూచీ అనాలి. పెనుకొండ జైనులు 1368లో అడిగింది అంతకు మించి ఏమీ కాదు.