హాబ్సన్స్ చాయిస్: సూచ్యము దృశ్యమైన విధము

ఆంగ్లభాషయందు "హాబ్సన్స్ చాయిస్" అను పలుకుబడి గలదు. ఎన్నుకొనుటకు స్వేచ్ఛ యున్నట్లు తోచుచు, నిజమునకు గత్యంతరము లేకుండుట దాని భావము. కేంబ్రిడ్జి నగరమున థామస్ హాబ్సన్ అను బాడుగ గుఱ్ఱముల వ్యాపారి యుండెను. గుఱ్ఱములన్నిటికిని విశ్రాంతి సమముగా దొరకవలెనను తలంపుతో, వాకిటికి దగ్గఱనున్న గుఱ్ఱమునే తీసికొనవలయుననియు, కాదన్నచో వేఱొకటి యీయననియు నాతడు నియమము చేసెనని ప్రసిద్ధి. ఆతడు 1631లో మరణింపగా మిల్టను మహాకవి యాతనిపై రెండు ఖండకావ్యములు రచించెను. ఈ పలుకుబడియే హెరాల్డు బ్రిగ్‌హౌసు రచించిన ప్రహసనప్రాయమైన గృహనాటకమునకు పేరయ్యెను.

బ్రిగ్‌హౌసు (1882-1958) సాల్ఫర్డు ప్రాంతమువాడు. మాంచెస్టరునందలి గెయిటీ నాటకశాలను ఆనీ హార్నిమన్ నడపిన కాలమున ఆ సీమ మాండలికమును, మధ్యతరగతి జనుల జీవితమును నాటకములకెక్కించిన రచయితలలో నితడొకడు. నాలుగంకముల యీ నాటకము 1915లో న్యూయార్కునను, 1916లో లండనునను ప్రదర్శింపబడెను. 1920లో మూకీగాను, 1931లో టాకీగాను చిత్రింపబడినను, 1954లో డేవిడ్ లీన్ నిర్మించిన చిత్రమే స్థిరకీర్తి నందినది. దానికి ఆ యేటి బెర్లిన్ చిత్రోత్సవమున సువర్ణభల్లూక బహుమానము లభించెను.

ఇతివృత్తము 1880 నాటి సాల్ఫర్డున జరుగును. హెన్రీ హొరేషియో హాబ్సన్ బూట్ల యంగడి యజమానుడు, భార్య గతించినవాడు, పానప్రియుడు. ముగ్గురు కూతుండ్రు జీతము లేకయే యంగడి నడపుచుందురు. వివాహకాలమున కూతుండ్రకు సొమ్ము వ్రాసి యీయవలెనని వినినంతనే వారి పెండ్లిండ్ల తలంపు నతడు మానుకొనును. ముప్పది యేండ్ల పెద్దకూతురు మ్యాగీకి పెండ్లియీడు దాటెనని పరిహసించును. ఆమెయో, నేలమాళిగలో బూట్లు కుట్టు విల్లీ మాసప్ అను పిఱికివాని చేతిపనియందలి నేర్పును కనిపెట్టి, తానే యడిగి వానిని పెండ్లాడును. మిసెస్ హెప్‌వర్తు అను ధనికురాలి యొద్ద నూఱు పౌనులు ఋణము తెచ్చి వేఱంగడి పెట్టించును. రాత్రులందు పలకపై నక్షరములు దిద్దించును.

సంస్కృత లాక్షణికులు నాటకవస్తువును సూచ్యమనియు దృశ్యమనియు రెండుగా విభజించిరి. రంగముపై చూపదగనిది, చూపరానిది సూచ్యము. విష్కంభము, ప్రవేశకము, చూలిక, అంకాస్యము, అంకావతారము అను నైదు సాధనములచే దానిని తెలుపవలయునని దశరూపకము చెప్పుచున్నది. ఈ విభాగము లీన్ చిత్రమును పరీక్షించుటకు మిగుల నుపకరించును. ఏలయన, నాటకమున సూచ్యమైనదానిని దృశ్యము చేయుటయే చలనచిత్రమునకు గల ప్రధానశక్తి.

దీనికి ముఖ్యోదాహరణము హాబ్సన్ పతనము. అతడు త్రాగిన మైకమున బీన్‌స్టాక్ అను ధాన్యవర్తకుని నేలమాళిగలో బడి, బస్తాలపై నిద్రించును. నాటకమున నీ యంశము రెండవ యంకమునందు ఒక పాత్ర వచ్చి చెప్పుటచే మాత్రమే తెలియును. ప్రేక్షకుడు కథ నెఱుంగును గాని హాబ్సనును చూడడు. చిత్రమున నితడు రాత్రివేళ పానశాల వెడలి, రాతిబాటపై వాననీటి మడుగులలో ప్రతిఫలించు చంద్రుని గాంచి, వెంబడించి, పట్టబోయి, తుదకు మాళిగలో గూలును. చార్లెస్ లాటన్ స్థూలకాయము, తడబడు నడక, జాక్ హిల్డ్‌యార్డు ఛాయాగ్రహణము, మాల్కమ్ ఆర్నల్డు సంగీతము కలిసి యిచ్చట మాటలు లేకయే హాస్యమును పోషించినవి. వికృతాకారచేష్టలు హాస్యమునకు విభావములని భరతముని చెప్పినది యిందు ప్రత్యక్షమగుచున్నది.

అయినను ఈ లాభమునకు వెల లేకపోలేదు. నాటకమున పతనవార్తను వినునది మ్యాగీ. వినినంతనే దానినొక యుపాయముగా మార్చునదియు నామెయే. ప్రేక్షకుని దృష్టి యామె బుద్ధిపై నిలుచును. చిత్రమున నా దృష్టి చాలవఱకు హాబ్సను వైపునకు మరలును. బ్రెండా డి బాంజీ మ్యాగీ పాత్రను నిబ్బరముతో నభినయింపనిచో కథ తూకము చెడియుండెడిది.

ఉపాయమిది: పరుల స్థలమున నక్రమముగా ప్రవేశించెనని హాబ్సనుపై వ్యాజ్యము పుట్టును. ఊర పరువు పోవునను భీతితో నతడు ఐదువందల పౌనులిచ్చి రాజీపడును. ఆ సొమ్మే చెల్లెండ్రిద్దఱి వివాహములకు సమకూడును. తాను మనసార నీయనొల్లనిదానిని తండ్రి తన దోషముచేతనే యిచ్చుకొనెను.

తుది ఘట్టమున లీన్ వేఱుదారి త్రొక్కెను. పానముచే రోగియైన హాబ్సనును చూచుకొనుటకు చిన్నకూతుండ్రిద్దఱును ఒల్లరు. మ్యాగీ దంపతులు వచ్చి షరతులు చెప్పుదురు. అంగడికి పేరేది యను వాదమున విల్లీ తన పేరు ముందుండవలెనని పట్టుపట్టి "మాసప్ అండ్ హాబ్సన్" అని నిలుపును. జాన్ మిల్స్ ధరించిన యీ పాత్ర గొంతులో మొదటి యంకమునందలి బెదరు కొంత మిగిలియే యుండును. కాని మాట వెనుకకు పోదు. ఇచట వాచికమే క్రియ. చూపవలసినది వేఱొండు లేదు కావున దర్శకుడు నాటకసంభాషణమునే నమ్మెను. దృశ్యమును విరివిగా వాడుటయందేగాక, మానవలసిన చోట మానుటయందును నేర్పు గలదు.

నామసార్థక్యమును గూర్చి యొకమాట. ఆరంభమున గత్యంతరము లేనివాడు విల్లీ. మ్యాగీ యడిగినపుడు కాదనుటకు వానికి నోరాడదు. అంతమున గత్యంతరము లేనివాడు హాబ్సన్. ఒకే పేరు కథతోపాటు ఆశ్రయమును మార్చుకొనినది.

ఈ హాస్యము క్రింద నొక కఠినసత్యము గలదు. వివాహిత స్త్రీకి తన యాస్తిపై విస్తృతస్వామ్యము నిచ్చిన ఆంగ్లశాసనము 1882లో పుట్టినది. కథాకాలము దానికి రెండేండ్లు ముందు. అంగడి నిలిపినది మ్యాగీ బుద్ధియైనను, పలకపై కెక్కిన పేళ్లు భర్తదియు తండ్రిదియు మాత్రమే. పెండ్లినాడు అంగడిసరకులోనుండి తీసిన యిత్తడియుంగరమునకు బదులు బంగారుది కొనియిత్తునని తుదకు విల్లీ చెప్పగా, ఆమె యిత్తడిదానిని విడువనొల్లదు. తన శ్రమ యెచ్చట మొదలయ్యెనో చెప్పు సాక్ష్యము ఆమెకు అదియొక్కటియే.