మ్యాచ్ మన ఊళ్లో.. లైవ్ మాత్రం ఎవరి చేతుల్లో? ఫుట్‌బాల్ టీవీ హక్కుల అసలు కథ ఇదీ!

సికింద్రాబాద్: గచ్చిబౌలి స్టేడియంలో రాత్రి ఏడున్నరకి ఫుట్‌బాల్ మ్యాచ్ అనుకోండి. సికింద్రాబాద్ నుంచి వెళ్లాలంటే 20 కిలోమీటర్ల పైమాటే. ఆఫీసులు వదిలే టైమ్‌లో ఆ ట్రాఫిక్ దాటుకుని కిక్ఆఫ్‌కి చేరడం చాలామందికి కుదరదు. అందుకే ఎక్కువ మంది టీవీనో, ఫోన్‌నో నమ్ముకుంటారు. అక్కడే అసలు చిక్కు మొదలవుతుంది. నిన్నటిదాకా వచ్చిన ఛానల్లో ఇవాళ మ్యాచ్ రాదు. పోయినేడాది ఫ్రీగా చూపించిన యాప్ ఈ ఏడాది డబ్బులు అడుగుతుంది. దూరదర్శన్‌లో వేస్తారేమో అని పెడితే అక్కడ ఇంకేదో ప్రోగ్రామ్ వస్తుంటుంది.

ఎందుకిలా? ఒక మ్యాచ్ మీ ఇంటి స్క్రీన్ మీదికి రావాలా వద్దా అనేది ఎవరు డిసైడ్ చేస్తారు? ఒక్కొక్కటిగా చూద్దాం.

హక్కులంటే అసలేంటి?

సింపుల్‌గా చెప్పాలంటే.. మ్యాచ్ నిర్వహించేవాళ్లకి దాన్ని కెమెరాతో తీసి జనానికి చూపించే హక్కు ఉంటుంది. ఆ హక్కుని వాళ్లు టీవీ సంస్థలకి అమ్ముకుంటారు. కొన్న సంస్థ తప్ప ఇంకెవరూ ఆ మ్యాచ్‌ని లైవ్‌లో చూపించకూడదు.

అయితే ఇది ఒకే ముక్కగా అమ్మే సరుకు కాదు. టీవీ హక్కు వేరు, మొబైల్ యాప్ హక్కు వేరు. ఏ దేశంలో చూపించాలి, ఏ భాషలో కామెంటరీ ఇవ్వాలి, హైలైట్స్ ఎవరు వేయాలి.. ఇవన్నీ విడివిడిగా అమ్మొచ్చు. అందుకే ఒక్కోసారి టీవీలో రాని మ్యాచ్ ఫోన్‌లో వస్తుంది. ఇక్కడ కనిపించే వీడియో అమెరికాలో ఉన్న మీ అన్నయ్యకి ఓపెన్ కాదు.

కొన్నవాళ్లు పెట్టిన డబ్బుని యాడ్‌లు, సబ్‌స్క్రిప్షన్ల ద్వారా రాబట్టుకోవాలి. కాబట్టి ఏ మ్యాచ్‌ని ఏ ఛానల్లో, ఏ టైమ్‌కి, ఏ భాషలో వేస్తే లాభం అనేది వాళ్ల లెక్క. ఆ లెక్కలో మన ఊరి మ్యాచ్‌కి పెద్ద పీట పడాలనే రూల్ ఏమీ లేదు.

మన ఫుట్‌బాల్ హక్కులు ఎలా చేతులు మారాయి?

2010లో ఆలిండియా ఫుట్‌బాల్ ఫెడరేషన్.. ఐఎంజీ రిలయన్స్‌తో 15 ఏళ్లకి 700 కోట్ల రూపాయల ఒప్పందం చేసుకుంది. ఇది కేవలం టీవీ హక్కులకి సంబంధించింది కాదు. భారత ఫుట్‌బాల్‌కి సంబంధించిన కమర్షియల్ హక్కులన్నీ ఇందులోకే వచ్చాయి. తర్వాత ఆ బాధ్యత ఎఫ్‌ఎస్‌డీఎల్ అనే సంస్థకి వెళ్లింది. 2014 అక్టోబర్‌లో ఇండియన్ సూపర్ లీగ్, అంటే ఐఎస్‌ఎల్ మొదలైంది ఈ ఒప్పందం నీడలోనే.

ఐఎస్‌ఎల్ చాలా ఏళ్లు స్టార్ స్పోర్ట్స్‌లో వచ్చింది. 2023-24 సీజన్ నుంచి వయాకామ్18 చేతికి వెళ్లింది. దాంతో టీవీలో స్పోర్ట్స్18, ఫోన్‌లో జియో సినిమా. 2024 నవంబర్‌లో స్టార్, వయాకామ్18 వ్యాపారాలు ఒకే గొడుగు కిందికి వచ్చాయి. 2025 ఫిబ్రవరిలో జియో సినిమా, హాట్‌స్టార్ కలిసి జియో హాట్‌స్టార్ అయ్యాయి. అంటే సీజన్ నడుస్తుండగానే ప్రేక్షకుడు చూడాల్సిన యాప్ పేరు మారిపోయిందన్నమాట. ఈ వరుస తెలియనివాళ్లకి "మ్యాచ్ ఎక్కడొస్తోంది?" అనేది ప్రతి సీజన్‌లో కొత్త ప్రశ్నే.

ఐపీఎల్‌తో పోలిస్తే..

2023 నుంచి 2027 వరకు ఐదేళ్ల ఐపీఎల్ ప్రసార హక్కులు 48,390 కోట్లకి అమ్ముడయ్యాయి. 410 మ్యాచ్‌ల లెక్కన ఒక్కో మ్యాచ్‌కి 118 కోట్ల చొప్పున. అంటే పదిహేనేళ్ల భారత ఫుట్‌బాల్ ఒప్పందం విలువ.. ఆరు ఐపీఎల్ మ్యాచ్‌ల హక్కులతో దాదాపు సమానం!

రెండు ఒప్పందాల మధ్య పన్నెండేళ్ల తేడా ఉంది, వాటి స్వభావమూ ఒకటి కాదు. అయినా సైజ్ తేడా మాత్రం ఇట్టే అర్థమవుతుంది. క్రికెట్‌కి తెలుగు కామెంటరీ కోసం ప్రత్యేకంగా టీమ్‌ని పెట్టడానికి, ఫుట్‌బాల్ దగ్గరికొచ్చేసరికి ఆచితూచి ఖర్చు పెట్టడానికి కారణం ఇదే.

సొంతూళ్లో మ్యాచ్ ఆపేసే రూల్ ఉందా?

మన దేశంలో అలాంటిదేమీ లేదు. స్టేడియం పక్కింట్లో ఉన్నా, పక్క రాష్ట్రంలో ఉన్నా ఒకటే ప్రసారం. కానీ బయటి దేశాల్లో సంగతి వేరు.

అమెరికాలో ఎన్ఎఫ్ఎల్ అనే వాళ్ల ఫుట్‌బాల్ లీగ్ ఉంది. ఒకప్పుడు అక్కడ హోమ్ మ్యాచ్‌ని ఆ ఊళ్లో టీవీలో చూపించేవాళ్లు కాదు. ఇంట్లోనే కనిపిస్తే టికెట్ ఎవరు కొంటారన్నది ఓనర్ల భయం. టికెట్లన్నీ అమ్ముడైపోయినా సరే, ప్రసారం ఉండేది కాదు. జనం గోల పెట్టడంతో 1973లో చట్టం చేశారు. మ్యాచ్‌కి 72 గంటల ముందే టికెట్లన్నీ అమ్ముడైతే లోకల్ ప్రసారం ఆపకూడదన్నారు. ఆ చట్టం గడువు ముగిశాక కూడా లీగ్ అదే పద్ధతి కొనసాగించింది. 2014లో అక్కడి ప్రభుత్వ నియంత్రణ సంస్థ తన బ్లాకౌట్ రూల్‌ని ఎత్తేసింది. 2015 సీజన్ నుంచి లీగ్ కూడా ఈ బ్లాకౌట్లను పక్కన పెట్టింది.

అయినా అక్కడ ఇప్పటికీ ఊరిని బట్టే ఆట. ఆదివారం మధ్యాహ్నం మ్యాచ్‌లు ఏ ప్రాంతంలో ఏది వేయాలో ముందే పంచుకుంటారు. మన తెలుగువాళ్లు ఎక్కువగా ఉండే డాలస్, ఫ్రిస్కో వైపు ఆ టైమ్‌లో డాలస్ కౌబాయ్స్ మ్యాచ్ ఉంటే టీవీలో అదే కనిపిస్తుంది. వేరే ఊరి టీమ్‌కి ఫ్యాన్ అయితే అదనంగా డబ్బు కట్టి ప్యాకేజీ తీసుకోవాలి.

ఇంగ్లండ్‌లో ఇంకో వింత. శనివారం మధ్యాహ్నం 2.45 నుంచి 5.15 వరకు అక్కడ ఫుట్‌బాల్ లైవ్ ప్రసారం ఉండదు. టీవీకి అతుక్కుపోయి జనం చిన్న క్లబ్బుల మ్యాచ్‌లకి రారేమోనని 1960ల నుంచి ఈ కట్టుబాటు నడుస్తోంది. దీనివల్ల ఏమవుతుందంటే.. మాంచెస్టర్‌లో మూడింటికి మొదలయ్యే మ్యాచ్‌ని ఆ ఊరివాళ్లు టీవీలో చూడలేరు. సికింద్రాబాద్‌లో కూర్చున్నవాళ్లు మాత్రం దర్జాగా చూసెయ్యొచ్చు!

మరి దూరదర్శన్‌లో ఎందుకు రాదు?

చాలామందికి ఉన్న డౌట్ ఇది. దీనికి రెండు మెట్లున్నాయి.

గగన తరంగాలు ప్రజల ఆస్తి అని సుప్రీంకోర్టు 1995లో తేల్చి చెప్పింది. తర్వాత 2007లో పార్లమెంటు ఒక చట్టం చేసింది. దాని ప్రకారం దేశానికి ముఖ్యమైన క్రీడా పోటీలని ఏ ప్రైవేట్ ఛానల్ కొనుక్కున్నా, ఆ లైవ్ సిగ్నల్‌ని తన యాడ్‌లు లేకుండా ప్రసార భారతికి ఇవ్వాల్సిందే. టీవీ యాడ్‌ల ఆదాయంలో కనీసం 75 శాతం హక్కులు కొన్నవాళ్లకి, మిగతాది ప్రసార భారతికి.

మరి ఏది ముఖ్యమైన పోటీ? దానికి కేంద్రం ఒక లిస్ట్ పెట్టింది. ఫుట్‌బాల్ వరకు చూస్తే ఆ లిస్ట్‌లో ఉన్నవి ఇవి: ప్రపంచకప్‌లో మొదటి మ్యాచ్, క్వార్టర్స్, సెమీస్, ఫైనల్. ఆసియా కప్‌లో భారత్ ఆడే మ్యాచ్‌లతో పాటు సెమీస్, ఫైనల్. సంతోష్ ట్రోఫీ సెమీస్, ఫైనల్. అంతే! ఐఎస్‌ఎల్, ఐ-లీగ్ లాంటి క్లబ్ పోటీలు ఇందులో లేవు. కాబట్టి మన నగరం టీమ్ ఆడుతోంది కదా అని దూరదర్శన్‌కి ఆ సిగ్నల్ తప్పనిసరిగా ఇవ్వాలని చట్టం చెప్పదు.

రెండో మెట్టు ఇంకాస్త తికమక పెడుతుంది. లిస్ట్‌లో ఉన్న మ్యాచ్ అయినా కేబుల్ ఉన్న ఇంట్లో దూరదర్శన్ పెడితే రాకపోవచ్చు. అలా ఇచ్చిన సిగ్నల్‌ని దూరదర్శన్ తన యాంటెన్నా ప్రసారంలో, తన ఫ్రీ డిష్‌లో మాత్రమే వేయాలి, ప్రైవేట్ కేబుల్, డీటీహెచ్‌ల ద్వారా కాదని సుప్రీంకోర్టు 2017 ఆగస్టులో స్పష్టం చేసింది. డబ్బు పెట్టి హక్కులు కొన్న ఛానల్‌కి నష్టం జరగకూడదన్నది ఇందులోని పాయింట్. అందుకే ఫ్రీ డిష్ ఉన్న ఇంట్లో వచ్చే మ్యాచ్, నెలనెలా బిల్లు కట్టే పక్కింటి కేబుల్‌లో అదే దూరదర్శన్ పెట్టినా రాదు.

న్యూస్ ఛానళ్లు గోల్స్ మొత్తం ఎందుకు చూపించవు?

దీనికీ కారణం హక్కులే. కాపీరైట్ చట్టంలోని 37వ సెక్షన్ ప్రకారం ప్రసారం చేసిన సంస్థకి ఆ ప్రసారం మీద 25 ఏళ్ల పాటు ప్రత్యేక హక్కు ఉంటుంది. దాన్ని ఇంకొకరు అనుమతి లేకుండా మళ్లీ ప్రసారం చేయకూడదు. అయితే వార్తలు చెప్పడానికి న్యాయంగా సరిపడే చిన్న ముక్క వాడుకోవచ్చని 39వ సెక్షన్ వెసులుబాటు ఇస్తోంది. అందుకే బులెటిన్లలో కొన్ని సెకన్ల క్లిప్, మిగతాది ఫొటోలు, గ్రాఫిక్స్.

ఇదే సెక్షన్ హోటళ్లకీ, కేఫ్‌లకీ వర్తిస్తుంది. పెద్ద స్క్రీన్ పెట్టి, మ్యాచ్ చూడ్డానికి డబ్బు వసూలు చేయాలంటే ప్రసార సంస్థ అనుమతి ఉండాలి. ఇంటికి తీసుకున్న కనెక్షన్‌తోనో, పర్సనల్ యాప్ లాగిన్‌తోనో టికెట్ షో నడిపితే ఇబ్బందే.

హైదరాబాద్‌కి ఇందులో పోయిందేంటి?

హైదరాబాద్ ఎఫ్‌సీ 2019లో పుట్టింది. గచ్చిబౌలి బాలయోగి స్టేడియం హోమ్ గ్రౌండ్. కొవిడ్ వల్ల 2020-21, 2021-22 సీజన్లు గోవాలోనే జరిగాయి. అంటే వరసగా రెండు సీజన్ల పాటు ఈ టీమ్ సొంతూళ్లో ఒక్క లీగ్ మ్యాచ్ కూడా ఆడలేదు. నగరానికీ, టీమ్‌కీ మధ్య ఉన్న ఒకే ఒక్క తాడు ప్రసారమే. 2022 మార్చి 20న ఫటోర్డాలో కేరళ బ్లాస్టర్స్‌తో ఫైనల్. 1-1తో సమం అయ్యాక, గోల్‌కీపర్ లక్ష్మీకాంత్ కట్టిమణి పెనాల్టీలని అడ్డుకోవడంతో షూటౌట్‌లో 3-1తో హైదరాబాద్ గెలిచింది. ఆ రాత్రి నగరం ఎగిరి గంతేసింది టీవీల ముందే.

ఆ తర్వాత క్లబ్ ఆర్థిక కష్టాల్లో పడింది. 2024లో యాజమాన్యం మారింది. 2025లో ఇంకో దెబ్బ. 2010 నాటి ఒప్పందం గడువు డిసెంబర్‌లో ముగుస్తుండటం, కొత్తది కుదరకపోవడంతో జులైలో ఐఎస్‌ఎల్ కొత్త సీజన్‌ని ఎఫ్‌ఎస్‌డీఎల్ ఆపేసింది. కమర్షియల్ హక్కులకి ఫెడరేషన్ పిలిచిన టెండర్‌కి నవంబర్ గడువులోగా ఒక్క బిడ్ కూడా రాలేదు. చివరికి కేంద్రం జోక్యంతో 2026 ఫిబ్రవరి 14న లీగ్ మొదలయ్యేలా తేదీ ఖరారైంది. కానీ ఈ లోపే, 2025 అక్టోబర్‌లో, హైదరాబాద్ ఎఫ్‌సీ ఢిల్లీకి తరలిపోయింది. ఇప్పుడు దాని పేరు స్పోర్టింగ్ క్లబ్ ఢిల్లీ.

టీమ్ వెళ్లిపోవడానికి హక్కుల గొడవ ఒక్కటే కారణం అనలేం. కానీ ప్రసార ఆదాయం ఎంతొస్తుందో, అసలు లీగ్ ఎప్పుడు జరుగుతుందో తెలియనప్పుడు క్లబ్ నడపడం కత్తి మీద సామే.

నగరంలో ఫుట్‌బాల్ మాత్రం ఆగిపోలేదు. అజీజ్‌నగర్ డెక్కన్ అరీనా వేదికగా శ్రీనిధి డెక్కన్ 2022-23, 2023-24 ఐ-లీగ్‌లలో వరసగా రెండో స్థానంలో నిలిచింది. 2024 డిసెంబర్ 31న సంతోష్ ట్రోఫీ ఫైనల్‌కి గచ్చిబౌలే వేదిక. రోబి హన్స్‌డా చివరి నిమిషాల్లో కొట్టిన గోల్‌తో కేరళపై బెంగాల్ 1-0తో గెలిచింది.

సికింద్రాబాద్‌కి ఈ ఆటతో ఉన్న బంధం కొత్తదేం కాదు. 1956 మెల్‌బోర్న్ ఒలింపిక్స్‌లో నాలుగో స్థానం దక్కించుకున్న, 1962 ఆసియా క్రీడల్లో స్వర్ణం గెలిచిన జట్లలో ఆడిన తులసీదాస్ బలరాం పుట్టింది ఇక్కడి అమ్ముగూడలోనే. ఆ రెండు జట్లకీ కోచ్ హైదరాబాదీ సయ్యద్ అబ్దుల్ రహీం. బలరాం మెల్‌బోర్న్‌లో ఆడేటప్పటికి మన దేశంలో టీవీ ప్రసారమే మొదలు కాలేదు. హైదరాబాద్‌లో దూరదర్శన్ కేంద్రం వచ్చింది 1977లో. అప్పట్లో సొంతూరి ఆటగాణ్ని చూపించడానికి టీవీ లేదు. ఇప్పుడు చేతిలో ఫోన్ ఉంది, ఇంట్లో టీవీ ఉంది. హక్కుల కాగితం మీద సంతకం పడకపోతే మాత్రం రెండూ ఖాళీ స్క్రీన్లే.

మ్యాచ్‌కి ముందు ఇవి చూసుకోండి

- సీజన్ మారితే ఛానల్ మారొచ్చు. పాత యాప్‌కి డబ్బు కట్టే ముందు ఈ సీజన్ హక్కులు ఎవరివో లీగ్ లేదా క్లబ్ అధికారిక పేజీలో చెక్ చేసుకోండి.
- టీవీ హక్కులు, యాప్ హక్కులు వేర్వేరు సంస్థల దగ్గర ఉండొచ్చు. ఒకదాంట్లో రాకపోతే రెండోది చూడండి.
- మీ ఏరియాలో కేబుల్ ప్యాక్‌లో ఆ స్పోర్ట్స్ ఛానల్ ఉందో లేదో ఆపరేటర్‌ని ముందురోజే అడగండి.
- ప్రపంచకప్ ఫైనల్ లాంటి మ్యాచ్‌ని దూరదర్శన్‌లో చూడాలంటే ఫ్రీ డిష్ ఉండాలి. నెలవారీ ఫీజు ఉండదు.
- "ఫ్రీ లైవ్" అంటూ గ్రూపుల్లో తిరిగే లింకుల జోలికి వెళ్లొద్దు. అవి అనుమతి లేని ప్రసారాలు, పైగా మీ ఫోన్‌కే రిస్క్.
- వీలైతే టికెట్ కొని గ్రౌండ్‌కి వెళ్లండి. అక్కడ ఏ హక్కులూ అడ్డు రావు. సీట్లు నిండిన స్టేడియం కెమెరాలో కనిపిస్తేనే, వచ్చే సీజన్‌లో ఆ మ్యాచ్‌ని కొనడానికి ఎవరో ఒకరు ముందుకొస్తారు.