అఫ్గనుల యిస్లాము పక్షములు - ప్రభుత్వ పరివర్తనము

అఫ్గనుస్థాన చరిత్రమున ప్రభుత్వమును కూలద్రోయుట పలుమాఱులు సాధ్యమయ్యెను. అధికారమును శాంతముగ నొకరినుండి మఱియొకరి కప్పగించుట మాత్రము దుర్లభమయ్యెను. అచ్చటి యిస్లాము రాజకీయ పక్షముల చరిత్రము దీనికి ముఖ్యనిదర్శనము.

1747లో అహమ్మదు షాహును కాందహారమున జిర్గా రాజుగ నెన్నుకొనెనని ప్రసిద్ధి. జిర్గా యనగా తెగల పెద్దలు కూడి తగవులు తీర్చుకొను సభ. తెగల సమ్మతియు, ఉలమాలను మతవిద్వాంసుల యామోదమును సింహాసనమునకు రెండు స్తంభములుగ నుండెను. అమానుల్లా రాజు త్వరితగతిని సంస్కరణములకు బూనగా నీ రెండును సడలెను. 1929లో నతడు రాజ్యమును విడువవలసివచ్చెను. నాడతని నెదిర్చినవారు పీరులు, ముల్లాలు, తెగల నాయకులు. పక్షమని చెప్పదగినది యింకను పుట్టలేదు.

పక్షములకు జన్మస్థానము కాబూలు విశ్వవిద్యాలయము. 1960 తరువాతి దశాబ్దమున, ఈజిప్టులోని అల్-అజ్‌హరున చదివివచ్చిన బుర్హానుద్దీను రబ్బానీ మొదలగు నుపాధ్యాయులును, గుల్బుద్దీను హిక్మత్యారు మొదలగు విద్యార్థులును కమ్యూనిస్టులకు ప్రతిగా నొక యుద్యమమును నిర్మించిరి. 1973లో దావూదుఖాను రాచరికమును రద్దుచేసిన పిమ్మట వీరిలో పలువురు పెషావరు చేరి, అచ్చటనే రెండుగ చీలిరి. రబ్బానీది జమీయతె ఇస్లామీ. హిక్మత్యారుది హిజ్బె ఇస్లామీ. జమీయతనగా సమాజము; హిజ్బనగా పక్షము. పేళ్లకు దగినట్లే మొదటిది పలువురను కలుపుకొనుచు విస్తరించెను. రెండవది కఠినశాసనముతో నాయకునకు బద్ధమై నడచెను.

1978లో కమ్యూనిస్టులు అధికారమునకు వచ్చిరి. 1979 డిసెంబరున సోవియటు సైన్యము ప్రవేశించెను. పాకిస్తాను ప్రభుత్వము పెషావరున నేడు సున్నీ పక్షములను గుర్తించి, వానిద్వారా విదేశాయుధములను పంచెను. అందుచే గ్రామములలో పోరాడు దళపతులు తుపాకులకై యేదో యొక పక్షమున చేరవలసివచ్చెను. సిద్ధాంతముకంటె సరఫరాయే పక్షములకు బలమయ్యెను. షియాపక్షములు ఇరానును ఆశ్రయించి, 1989లో హిజ్బె వహదతుగ నేకమయ్యెను.

ఆ యేటనే సోవియటు సేనలు వెడలిపోయెను. 1992 ఏప్రిలులో నజీబుల్లా ప్రభుత్వము పడిపోయెను. పెషావరు నొడంబడిక ప్రకారము సిబ్గతుల్లా ముజద్దిదీ రెండు మాసములును, పిమ్మట రబ్బానీ నాలుగు మాసములును పాలింపవలెను. ముజద్దిదీ గడువునకు దిగిపోయెను. రబ్బానీ గడువు దాటినను విడువలేదు. ప్రధానమంత్రిపదవి కేర్పడిన హిజ్బె ఇస్లామీ రాజధానిపైననే రాకెట్లు కురిపించెను. పరరాజు నెదిర్చుటలో నేకమైనవారు తమలో తాము పోరి కాబూలును పాడుచేసిరి.

ఈ యరాజకమునుండియే 1994లో తాలిబానులు తలయెత్తిరి. తాలిబనగా విద్యార్థి. 1996లో కాందహారమున కూడిన ఉలమాలు ముల్లా ఉమరునకు 'అమీరుల్ మూమినీన్' బిరుద మొసగిరి. సెప్టెంబరున కాబూలు వారి వశమయ్యెను. జిర్గాకును పక్షములకును తావులేక, ఉలమాల యామోదమొక్కటే యధికారమునకు మూలమయ్యెను.

2001లో నా ప్రభుత్వము కూలెను. 2004 నాటి రాజ్యాంగము ఎన్నికల నేర్పఱచెను. 2014లో కర్జాయి యనంతరము ఘనీ యధ్యక్షుడయ్యెను. కాని యా ఫలితము వివాదగ్రస్తమై తుదకు రాజీచే తీరెను. 2021 ఆగస్టు 15న తాలిబానులు మరల కాబూలు ప్రవేశించిరి. 2023లో రాజకీయపక్షముల నన్నిటిని నిషేధించిరి.

ప్రభుత్వమునకు ఇస్లామే మూలమనుటలో నీ పక్షములకు భేదములేదు. గడువు తీఱినవాడు గద్దె దిగుటకు వలయు కట్టుబాటే వాని నడుమ నేర్పడలేదు. మతైక్యము రాజ్యైక్యమునకు చాలదని 1992 నాటి కాబూలు నిరూపించెను.