రత్నపరీక్షకుడు బక్ ఓనీల్

రత్నమును ధరించినవానిని లోకము చూచును. మట్టిలోనుండగనే దానిని గుర్తుపట్టినవానిని చూడదు. అమెరికా వారి బేస్‌బాల్ క్రీడలో ఇట్టి పరీక్షకులను ‘స్కౌటు’లందురు. ఊరూర తిరిగి, కళాశాల మైదానముల ప్రక్కన ఎండలో కూర్చుండి, పేరులేని యువకులలో రేపటి మేటి ఆటగాండ్రను ఏరి తెచ్చుటయే వీరి వృత్తి. ఈ వృత్తిలో కీర్తిగాంచినవాడు బక్ ఓనీల్.

ఆయన 1911లో ఫ్లారిడా రాష్ట్రమున కారబెల్ అను చిన్న యూరిలో జన్మించెను. బాల్యమున సారసోటాలోని సెలెరీ తోటలలో కూలిపని చేసెను. ఆ పట్టణపు ఉన్నత పాఠశాలలో నల్లజాతి బాలురకు ప్రవేశము లేదు. అందుచే జాక్సన్‌విల్‌లోని ఎడ్వర్డ్ వాటర్స్ కళాశాలను ఆశ్రయించెను. బేస్‌బాల్ పెద్ద లీగుల తలుపులును వారికి మూసియే యుండెను. నల్లవారు తమ లీగులను తామే స్థాపించుకొనిరి. వానిలో పేరెన్నికగన్న కాన్సస్ సిటీ మోనార్క్స్ జట్టున 1938లో ఓనీల్ చేరెను. 1948లో దానికే మేనేజరయ్యెను.

ఇంతలో, 1947లో, జాకీ రాబిన్‌సన్ బ్రూక్లిన్ జట్టున ఆడుటతో పెద్ద లీగుల తలుపు తెరచుకొనెను. అప్పటికి ఓనీల్ వయస్సు 35 ఏండ్లు. తాను లోపలికి పోవలసిన కాలము గడచిపోయినది. ఇక చేయగలిగినది చిన్నవారిని తీర్చిదిద్ది పంపుటయే. ఆయన చేతిక్రింద ఆడిన ఎర్నీ బ్యాంక్స్ 1953లో షికాగో కబ్స్ జట్టునకు వెళ్ళి, దానియందు ఆడిన మొదటి నల్లజాతి క్రీడాకారుడయ్యెను. తన జట్టు బలమును తన చేతులతోనే పరులకు అప్పగించుట ఏ నాయకునకైనను సులభమగునా?

తరువాత ఓనీల్ కబ్స్ జట్టునకే స్కౌటుగా కుదిరి, దక్షిణ రాష్ట్రములలోని నల్లవారి కళాశాలలెల్ల గాలించెను. బాటన్ రూజ్ నగరమందలి సదరన్ విశ్వవిద్యాలయమున ఆయన కంటబడినవాడు లూ బ్రాక్. కబ్స్ వారు 1964లో ఆ యువకుని సెయింట్ లూయీ జట్టునకు మార్పిడి చేసిరి. ఆ యేడే ఆ జట్టు వరల్డ్ సిరీస్ గెలిచెను. రత్నమును చూపుట వరకే పరీక్షకుని పని. దానిని నిలుపుకొనుట యజమానుల వివేకము.

1962లో కబ్స్ వారు ఓనీల్‌ను కోచ్‌గా నియమించిరి. పెద్ద లీగులలో ఆ పదవి పొందిన మొదటి నల్లజాతీయుడాయనయే. ఆ రోజులలో కబ్స్ జట్టునకు మేనేజరు లేడు. కొందరు కోచ్‌లు వంతులవారీగా జట్టును నడపుచుండిరి. మోనార్క్స్‌ను ఏండ్ల తరబడి నడపిన ఓనీల్‌కు మాత్రము ఆ వంతు రానేలేదు.

2006లో ప్రత్యేక సంఘమొకటి నల్లవారి లీగుల చరిత్రనుండి 17 మందిని కూపర్స్‌టౌన్‌లోని కీర్తిమందిరమునకు ఎన్నుకొనెను. అందు ఓనీల్ పేరు లేదు. ఎన్నికైన వారెవ్వరును జీవించి లేరు. వారి పక్షమున మాటలాడుటకు, 94 ఏండ్ల వయస్సున, ఓనీలే వేదిక నెక్కెను. ద్వేషమును గూర్చి కాక ప్రేమను గూర్చి చెప్పి, సభికులచే చేయిచేయి పట్టించి పాట పాడించెను. ఆ అక్టోబరులోనే కన్నుమూసెను.

ఆయన తీర్చిన బ్యాంక్స్ 1977లోను, ఆయన కనుగొన్న బ్రాక్ 1985లోను ఆ మందిరమున స్థానము పొందిరి. వారిని లోకమునకు చూపినవాని పేరు 2022లో అక్కడ చేరినది.