సర్పెంటైన్ రాతిపొడి మన పొలానికి పనికొస్తుందా?

పై వీడియోలో రాతిపొడుల గురించి మాట్లాడుకున్నాం కదండీ. అందులో సర్పెంటైన్ రాయికి ఒక్క నిమిషమే ఇచ్చాం, అది చాలదు. "మెగ్నీషియం దండిగా ఉంది, ఆకు నల్లగా తేరుకుంటుంది" అని ఎవరైనా ఆకుపచ్చ రాతిపొడి బస్తాలు తెస్తే, దింపించుకునే ముందు ఇది చదవండి.

మన మొగల్తూరు నేల అంతా గోదావరి తెచ్చిన ఒండ్రు, సముద్రం వేసిన ఇసుక. బావి తవ్వినా రాయి తగలదు. అంటే రాతిపొడి ఏదైనా బయటి నుంచి రావాల్సిందే. అది ఏ కొండదో, ఏ గనిదో చూసి చెప్పలేం. చిక్కంతా అక్కడే ఉంది.

సర్పెంటైన్ అనేది ఒక్క ఖనిజం కాదు. యాంటిగొరైట్, లిజార్డైట్, క్రిసోటైల్ అని ముగ్గురు అన్నదమ్ములు. ముగ్గురిలోనూ సరుకు దాదాపు ఒకటే: మెగ్నీషియం ఆక్సైడ్ 43 శాతం, సిలికా 44 శాతం, మిగతా 13 శాతం రాతిలోనే ఇమిడిపోయిన నీరు. ఆకుపచ్చ మీద మచ్చలతో పాము చర్మంలా ఉంటుందని ఆ పేరు. ముట్టుకుంటే నున్నగా, కాస్త జిడ్డుగా తగులుతుంది. బలపం రాయికి గోటితోనే గీత పడుతుంది, దీనికి చాకు కావాలి. నిమ్మరసం వేస్తే సున్నపురాయిలా పొంగదు. ఇవన్నీ రాయి చేతిలో ఉంటే చూసుకునేవి. పొడి కొట్టి బస్తాలో పోశాక కంటికి ఏదీ తెలియదు.

ఇది ఎక్కువగా రెండు దారుల్లో పుడుతుంది. ఒకటి, భూమి లోతు నుంచి వచ్చిన ఒలివిన్ వంటి ఖనిజాల రాయి నీటితో కలిసి మారిపోవడం. ఇలా పుట్టిన దాంట్లో నికెల్, క్రోమియం, కోబాల్ట్ ఉంటాయి. నికెల్ కిలోకి 2,000 మిల్లీగ్రాముల దాకా ఉండటం మామూలే. సాధారణ నేలలో అది పదుల్లోనే ఉంటుంది. కాల్షియం, పొటాష్, భాస్వరం మాత్రం బాగా తక్కువ. అందుకే ప్రపంచంలో ఎక్కడ చూసినా ఈ రాతి నేలలు పలచగా, గిడసబారిన మొక్కలతో ఉంటాయి. న్యూ కాలెడోనియా దీవిలో ఒక చెట్టు ఉంది, నికెల్ పీల్చి పీల్చి దాని పాలే నీలిపచ్చగా కారతాయి! ఆ చెట్టు తట్టుకుంది, మన వరి తట్టుకోదు.

రెండో దారి మన రాష్ట్రంలోనే ఉంది. కడప జిల్లా పులివెందుల వైపు, బ్రాహ్మణపల్లె, లింగాల దగ్గర వేంపల్లె డోలమైట్ రాతి పొరల్లోకి వేడి డోలరైట్ చొచ్చుకొచ్చింది. ఆ రెండూ కలిసే చోట డోలమైట్ సర్పెంటైన్‌గా మారింది. ఇందులో నికెల్, క్రోమియం బెడద తక్కువే. కానీ అక్కడ సన్నని దారాల్లా ఉండే క్రిసోటైల్ ఉంది. అదే రాతినార, ఆస్‌బెస్టాస్. దాని కోసమే అక్కడ గనులు తవ్వారు. ఈ నార దుమ్ము ఊపిరితిత్తుల్లో దిగితే బయటికి రాదు, ఏళ్ల తరబడి ఉండి జబ్బు చేస్తుంది. అన్ని రకాల ఆస్‌బెస్టాస్ క్యాన్సర్ తెస్తుందని ప్రపంచ ఆరోగ్య సంస్థ చెబుతోంది. మన దేశంలో 1986లోనే రాతినార గనులకు కొత్త లీజులు ఆపేశారు. అలాంటి రాయిని పొడిచేసి, ఎండలో చేత్తో చల్లడం ఎంత పనో ఆలోచించండి.

"మరి జపాన్‌లో దీన్ని ఎరువుగా వాడతారట కదా" అంటారు కొందరు. నిజమే. అక్కడ భాస్వరపు రాయితో కలిపి కొలిమిలో కరిగించి వాడతారు. కరిగాక నారా ఉండదు, పాత రాయీ ఉండదు. పచ్చి పొడి వేరు, అది వేరు.

ఇక మన ఊరి సంగతి. సముద్రపు నీటిలో లీటరుకు మెగ్నీషియం 1.3 గ్రాములుంటే, కాల్షియం 0.4 గ్రాములే. ఉప్పునీరు ఎక్కిన పొలాల్లో, పాత చెరువులు పూడ్చిన నేలల్లో మెగ్నీషియం ముందే మిగులు. అది ఎక్కువైన కొద్దీ బంకమట్టి చెదిరి, తడిస్తే బురద, ఎండితే పెచ్చు. అక్కడ సర్పెంటైన్ వేయడమంటే రోగం మీద రోగం. ఆ నేలకు కావాల్సింది కాల్షియం, అంటే జిప్సం, దానితోపాటు మంచినీటితో ఉప్పు కడిగి మురుగు కాలువలోకి వదలడం.

ఇసుక నేలల్లో కొబ్బరికి మాత్రం మెగ్నీషియం తగ్గడం ఉంది. కింది మట్టలు చివర్ల నుంచి పసుపెక్కి, ఈనె పక్కన మాత్రం పచ్చగా మిగులుతాయి. పొటాష్ లోపం కూడా కింది మట్టల్లోనే మొదలవుతుంది కాబట్టి చూపుతో తేల్చకండి. సాయిల్ హెల్త్ కార్డులో 12 అంశాలుంటాయి గానీ కాల్షియం, మెగ్నీషియం వాటిలో లేవు, ల్యాబ్‌లో ప్రత్యేకంగా అడగాలి. రాలిన మట్టలు, డొక్కలు తోట బయట తగలబెట్టకుండా పాదులోనే వేస్తే చెట్టు తీసుకున్న మెగ్నీషియం చాలావరకు తిరిగి దానికే చేరుతుంది. నా మటుకు ముందు ఈ పని చేసి చూడమంటాను.

చింతల వెంకటరెడ్డి గారి మట్టి పద్ధతికీ దీనికీ ముడిపెట్టకండి. ఆయన చెప్పేది మన పొలం లోపలి మట్టి గురించి, ఎక్కడిదో కొండ రాయి గురించి కాదు.

బస్తా అమ్మే వారిని మూడు విషయాలు అడగండి: రాయి పేరేంటి, ఏ గనిది, నికెల్, క్రోమియం, ఆస్‌బెస్టాస్ చూసిన ల్యాబ్ కాగితం ఉందా. లేదంటే వద్దని చెప్పేయండి. ఇప్పటికే కొని ఇంట్లో పెట్టుకున్న వాళ్లు మూతి విప్పకండి. చిరిగి ఒలికితే పొడి చీపురుతో ఊడ్చొద్దు, బాగా తడిపి ఎత్తి రెండు సంచుల్లో కట్టి, పిల్లలు, పశువులు తిరగని చోట పెట్టి, వ్యవసాయ అధికారికి చెప్పండి.