మీకు తెలుసా? ఒకనాటి రేనాడు

ఎర్రగుంట్ల పక్కనున్న చిలమకూరు అనగానే ఇప్పుడు సిమెంటు ఫ్యాక్టరీయే గుర్తొస్తుంది. ఒకప్పుడు ఇది రేనాడనే చిన్న రాజ్యంలోని ఊరు. శాసనాల్లో ఆ రాజ్యం పేరు ‘రేనాడు ఏడువేలు’. గండికోట లోయ దాటి వచ్చే పెన్నకు ప్రొద్దుటూరు, కమలాపురం ప్రాంతంలో కుందూ, పాపఘ్ని తోడవుతాయి. ఆ ఏటిగట్ల నల్లరేగడి, చుట్టూ నాపరాతి గుట్టలు రాజ్యానికి నడిబొడ్డు.

క్రీ.శ. 6వ శతాబ్దం నుంచి దీన్ని ఏలినవారు తామూ చోళరాజు కరికాలుడి వంశమేనని చెప్పుకున్న రేనాటి చోళులు. వీరి గొప్పతనం యుద్ధాల్లో కాదు, భాషలో ఉంది. చుట్టుపక్కల రాజులు ఎక్కువగా సంస్కృతంలో శాసనాలు వేయిస్తుంటే వీరు తెలుగులో చెక్కించారు. సుమారు 575లో ఎరికల్ముత్తురాజు ధనంజయుడు వేయించిన కలమళ్ల శాసనమే తెలిసినంతలో తొలి తెలుగు శాసనం. ఆ ఊరూ ఎర్రగుంట్ల మండలంలోదే. చైనా యాత్రికుడు హ్యూయాన్‌త్సాంగ్ రాసిన ‘చుళియ’ దేశం ఇదేనని చాలామంది చరిత్రకారుల అభిప్రాయం. అడవులు, చిత్తడి నేలలు, కొద్దిపాటి జనం అని అతని వర్ణన; నేటి కడప ఎండలు ఎరిగినవారికి చిత్తడి మాట నమ్మశక్యం కాదు.

చిలమకూరులో విక్రమాదిత్య చోళుడి శాసనం దొరికింది. అక్కడి అగస్త్యేశ్వరాలయం కేంద్ర పురావస్తు శాఖ రక్షణలో ఉంది.