అమ్మమ్మ దగ్గర వదిలిన పిల్లలు

1948 జూన్‌లో ‘ఎంపైర్ విండ్‌రష్’ ఓడ వెస్టిండీస్ నుంచి వందలాది మందిని ఇంగ్లండు చేర్చింది. యుద్ధంలో చితికిన ఆ దేశానికి పనివాళ్లు కావలసివచ్చారు మరి! తర్వాతి ఏళ్లలో జమైకా, బార్బడోస్ ఆడవాళ్లెందరో నర్సులుగా వెళ్లారు. పిల్లల్ని అమ్మమ్మల దగ్గర వదిలి, జీతంలోంచి డబ్బు పంపుతూ, కాస్త కుదురుకున్నాక పిలిపించుకున్నవాళ్లు చాలామంది. ఆ పిల్లల్లో ఎందరో పెద్దల పాస్‌పోర్టు మీదే వచ్చారు. వాళ్లకంటూ వేరే కాగితం లేదు, అప్పట్లో ఎవరూ అడగనూ లేదు.

1971 చట్టం అప్పటికే స్థిరపడ్డవాళ్లకు అక్కడ ఉండే హక్కు ఇచ్చింది గానీ, రుజువు చేతికివ్వలేదు. ఓడ దిగినప్పటి చీట్లను 2010లో హోంశాఖే పారేసింది. పైగా, రుజువేదీ అని తర్వాత నిలదీసింది! జుట్టు నెరిసినవాళ్లకు ఉద్యోగాలు పోయాయి, వైద్యం ఆగింది. కొందర్ని, పలకరించే మనిషైనా మిగలని దీవులకు తిప్పి పంపేశారు. 2018లో ప్రధాని థెరెసా మే క్షమాపణ చెప్పారు. పరిహార పథకం 2019లో వచ్చింది. అది అందకుండానే కన్నుమూసినవారున్నారు.